పొగగొట్టము లేని కర్మాగారము

పాఠశాలలో పిల్లల చేతికి కాగితమునిచ్చి కర్మాగారము బొమ్మను గీయుమని చెప్పి చూడుడు. ఇంచుమించు అందరును ఒక పొడవైన గొట్టమును, దానినుండి సుడులు తిరుగుచు పైకి లేచు నల్లని పొగను గీయుదురు. వారి పాఠ్యపుస్తకములోని బొమ్మ అట్టిదే. వారి ఊహయు అట్టిదే. కోనసీమలోని ఐ.పోలవరంలో చదువుకొను పిల్లవాడు కూడ అదే గీయును. తన ఊరి పొలిమేరలోనే మరియొక విధమైన కర్మాగారము కలదనియు, దానికి గొట్టము లేదనియు, దాని గోడలు మట్టిగట్లనియు, దాని యంత్రములు నీటిపై తిరుగు చక్రములనియు అతనికి తోచదు. అతనికే కాదు; మన దేశమున చట్టమునకు కూడ ఆ సంగతి తేటపడుటకు 1996వ సంవత్సరము రావలసి వచ్చెను.

రొయ్యల చెరువు సేద్యమా, కర్మాగారమా? ఈ ప్రశ్న పైకి మాటల తగవువలె కనబడును. కాని దానికి చెప్పు సమాధానముపై ఒక ఊరి మంచినీటి నుయ్యి, ఒక రైతు వరిచేను, మరియొక రైతు అప్పు, ఒక కూలివాని జీతము ఆధారపడియున్నవి. కావున ఈ విషయమును కొంచెము నిదానించి పరిశీలింపవలెను.

దీవి, దాని రెండు నీళ్లు

ఐ.పోలవరం పేరులోని మొదటి అక్షరము ‘ఐలాండు’ అను ఆంగ్లపదమునకు గుర్తని పెద్దలు చెప్పుదురు. భారీ ప్రాజెక్టుతో పేరుకెక్కిన ఎగువ గోదావరిలోని పోలవరమునుండి దీనిని వేరుపరచుటకు ఆ అక్షరము ఉపకరించుచున్నది. పేరునకు తగినట్లే ఈ ప్రాంతము గౌతమి, వృద్ధగౌతమి పాయల నడుమ నున్నది. వీరేశ్వరస్వామి వెలసిన మురమళ్ళ, కేశనకుర్రు, గుత్తెనదీవి, సముద్రమునకు చేరువనున్న భైరవపాలెము ఈ మండలములోనివే. లోక్‌సభ సభాపతిగా పనిచేసిన జి.ఎం.సి. బాలయోగి పుట్టిన ఎదుర్లంకయు ఇక్కడిదే. 2022 ఏప్రిలు వరకు తూర్పుగోదావరి జిల్లాలో నుండిన ఈ మండలము ఇప్పుడు కోనసీమ జిల్లాలో చేరియున్నది.

ఇట్టి డెల్టా నేల క్రింద రెండు నీళ్లుండును. వానవలనను, కాలువవలనను భూమిలోనికి ఇంకిన తీపినీరు పైపొరలో నుండును. సముద్రమునకు దగ్గరగుటచే లోతున ఉప్పునీరుండును. తీపినీరు తేలిక, ఉప్పునీరు బరువు. కావున మొదటిది రెండవదానిమీద పొరవలె నిలిచియుండును. నుయ్యి త్రవ్విన మనుష్యుడు ఆ పైపొరనుండియే త్రాగునీరు తోడుకొనుచున్నాడు. ఆ పొర పలుచబడినను, పైనుండి ఉప్పు దిగినను, తాతలనాటి నుయ్యి ఒక్క తరములోనే పనికిరాకుండ పోగలదు.

1852 నాటికి సర్ ఆర్థర్ కాటన్ ధవళేశ్వరమువద్ద ఆనకట్టను కట్టించిన పిదప ఈ నేలకు రెండు విధములైన కాలువలు ఏర్పడెను. పంటకాలువ నీటిని తెచ్చి ఇచ్చును. మురుగుకాలువ వాడిన నీటిని, వాననీటిని తీసికొనిపోయి నదిలోనో సముద్రములోనో విడుచును. పంటకాలువ కొరకు రైతులు పోరాడుదురు, అర్జీలు పెట్టుకొందురు. మురుగుకాలువను ఎవరును తలచుకొనరు. కాని డెల్టా బ్రదుకు సగము మురుగుకాలువపైననే ఆధారపడియున్నది. వరిచేలో నిలిచిన తీపినీరు నేలలోని ఉప్పును కడిగివేయును. ఆ కడిగిన ఉప్పును మోసికొని పోవునది మురుగుకాలువయే. అది పూడినను, దానికి అడ్డుగా గట్టు లేచినను, దానిలోనికే ఉప్పునీరు వచ్చి పడినను, కడుగుట అను క్రియ వెనుకకు తిరుగును.

చెరువు ఎట్లు పనిచేయును?

రొయ్యల పెంపకము క్రొత్త విద్య కాదు. బెంగాలులోను, కేరళలోను పోటునీటిని గట్లమధ్య నిలిపి, ఆ నీటితోపాటు వచ్చిన రొయ్యపిల్లలను పెంచుట చిరకాలముగా నున్న ఆచారమే. ఆ పద్ధతిలో పెట్టుబడి కొంచెము, పంట కొంచెము, హానియు కొంచెమే. 1980ల చివరిభాగమున ఆంధ్రతీరమున వచ్చినది వేరు పద్ధతి. హేచరీలో పుట్టించిన పిల్లలను లెక్కించి తెచ్చి చెరువులో వదలుదురు. బస్తాలలో వచ్చిన మేతను వేళకు వేయుదురు. నీటిలో ప్రాణవాయువు తగ్గకుండుటకు విద్యుచ్ఛక్తితోనో డీజిలుతోనో ఏరియేటర్లను తిప్పుదురు. రోగము వచ్చునేమో అను భయముతో మందులు కలుపుదురు. మూడు నాలుగు మాసములకు పట్టుబడి చేసి, సరకును మంచులో పెట్టి, శుద్ధి కర్మాగారములకును అచ్చటినుండి విదేశములకును పంపుదురు.

ఇందులో ముడిసరకు కలదు, శక్తి కలదు, యంత్రము కలదు, కూలి కలదు, ఎగుమతి కలదు. వ్యర్థము కూడ కలదు. తినగా మిగిలిన మేత, రొయ్యల మలము, చచ్చిన నాచు, అమ్మోనియా, అడుగున పేరుకొన్న నల్లని బురద, వీటన్నిటితోపాటు ఉప్పు పట్టుబడినాడు చెరువునుండి వెలుపలికి వచ్చును. ఆ నీరు పోవుటకు ఒక్కటే దారి కలదు. అది మురుగుకాలువ.

ఇందులో ఒక విచిత్రము గమనింపదగినది. ప్రక్క చెరువు యజమాని తన చెరువు నింపుకొనుటకు పెక్కుచోట్ల అదే కాలువలో పంపు పెట్టును. ఒకని వ్యర్థము మరియొకనికి ముడిసరకగుచున్నది. 1994, 1995 సంవత్సరములలో తెల్లమచ్చల రోగము ఆంధ్రతీరమంతట వ్యాపించి టైగరు రొయ్యను తుడిచిపెట్టినప్పుడు, చెరువునుండి చెరువునకు రోగమును మోసిన దారులలో ఈ నీరు ముఖ్యమైనది. పరులకు చేసిన హాని తిరిగి తన గట్టునకే వచ్చునని చెప్పుటకు ఇంతకన్న స్పష్టమైన ఉదాహరణము అక్కరలేదు.

న్యాయస్థానము చెప్పినది

1994లో తమిళనాడునకు చెందిన గాంధేయవాది ఎస్. జగన్నాథన్ సుప్రీంకోర్టునకు వెళ్లెను. తీరప్రాంతమున వరిపొలములు ఉప్పుచెరువులుగా మారుచున్నవనియు, నూతులు చెడుచున్నవనియు, బెస్తవారు సముద్రమునకు పోవు దారులు మూతపడుచున్నవనియు ఆయన విన్నవించెను. నాగపురములోని జాతీయ పర్యావరణ సాంకేతిక పరిశోధనసంస్థను తీరమునకు పోయి చూచి రమ్మని కోర్టు ఆదేశించెను. ఆ సంస్థ తమిళనాడు, ఆంధ్ర తీరములను పరిశీలించి నివేదిక సమర్పించెను. రొయ్యల వలన వచ్చు రాబడికన్న, వాటి పెంపకమువలన పరిసరములకును ప్రజల జీవనమునకును కలుగు నష్టమే ఎక్కువ అని ఆ నివేదిక లెక్కగట్టినది.

వాదములు ఇట్లు సాగుచుండగనే 1996 నవంబరు 6వ తేదీ రాత్రి కోనసీమను తుపాను ముంచివేసెను. వేయిమందికి పైగా ప్రాణములు పోయినవి. భైరవపాలెము వంటి మత్స్యకార గ్రామములు తీరని దెబ్బ తిన్నవి. కొబ్బరితోటలు నేలకొరిగినవి. ఉప్పెన నీటి వేగమును తగ్గించు మడ అడవి విలువ ఏమియో, దానిని నరికి చెరువులుగా మార్చుటలోని ప్రమాదమేమియో ఆ రాత్రి తరువాత ఈ ప్రాంతమువారికి ఉపన్యాసముల మూలమున చెప్పవలసిన పని లేకపోయెను.

సరిగా అయిదు వారములకు, 1996 డిసెంబరు 11న, న్యాయమూర్తులు కులదీప్ సింగ్, సాగిర్ అహమ్మద్ తీర్పు చెప్పిరి. తీరమునుండి 500 మీటర్ల లోపున క్రొత్త పరిశ్రమలను నిషేధించిన కేంద్రప్రభుత్వపు నోటిఫికేషను 1991 ఫిబ్రవరి 19 నుండియే అమలులో నుండెను. సముద్రపుటొడ్డున తప్ప మరియొకచోట నడువజాలని పరిశ్రమలకు మాత్రమే అందులో మినహాయింపు ఉండెను. రొయ్యల చెరువు పరిశ్రమయే అనియు, దానికి ఉప్పుతేరిన నీరు కావలసినను సముద్రపుటొడ్డే కావలెనన్న నియమము లేదనియు, కనుక మినహాయింపు దానికి చెల్లదనియు కోర్టు నిర్ణయించెను. సంప్రదాయ పద్ధతిలో నడచు చెరువులను విడిచి, నిషిద్ధప్రాంతములోని తక్కినవానిని 1997 మార్చి 31 లోపల తొలగింపవలెననెను. వ్యవసాయభూమిని, మడ అడవిని, ఊరుమ్మడి భూమిని రొయ్యల చెరువుగా మార్చరాదనెను. చెరచినవాడే బాగుచేయుటకు డబ్బు చెల్లింపవలెననెను. పని పోగొట్టుకొను కూలీలకు ఆరు సంవత్సరముల జీతము నష్టపరిహారముగా ఇయ్యవలెనని ఆదేశించుట కూడ ఆ తీర్పులో కలదు. పరిసరములను రక్షించు ధర్మాసనము కూలివానిని మరచిపోలేదు.

పొగగొట్టము లేని ఆ కర్మాగారమును చట్టము ఆనాడు గుర్తుపట్టెను.

పార్లమెంటు చెప్పినది

కథ అంతటితో ముగియలేదు. తీర్పును పునర్విచారింపవలెనని కోరుచు చెరువుల యజమానులు పిటిషనులు వేసిరి. వారి పక్షమునను న్యాయము లేకపోలేదు. అప్పులు తెచ్చి చెరువులు త్రవ్వినవారిలో చిన్నరైతులు పెక్కుమంది యుండిరి. వరిపై గిట్టుబాటు లేక, చేలు ముంపునకు గురియై, ఈ దారి పట్టినవారు కొందరు. దేశమునకు విదేశధనము తెచ్చి పెట్టు వ్యాపారమును ఒక్క కలముపోటుతో నిలిపివేయుట సాధ్యమా అను ప్రశ్నయు లేచెను.

తుదకు పార్లమెంటు 2005లో తీరప్రాంత జలచరముల పెంపకమును గూర్చి ప్రత్యేక చట్టమును చేసెను. కోర్టు ఏ నోటిఫికేషను ఆధారముగా చెరువులను నిషేధించెనో, ఆ నోటిఫికేషను చెరువులకు వర్తింపదని, అదియును 1991 ఫిబ్రవరి 19 నుండియే వర్తింపలేదని భావింపవలెనని, ఆ చట్టములోని 27వ విభాగము ప్రకటించెను. కోర్టు మూసిన తలుపును శాసనసభ తెరచినదన్నమాట. పౌరశాస్త్రము బోధించు ఉపాధ్యాయులు న్యాయశాఖకును శాసనశాఖకును గల సంబంధమును వివరించునప్పుడు ఇంతకన్న చక్కని పాఠము దొరకదు.

అయితే తలుపునకు గడప కూడ పెట్టిరి. చెన్నపట్టణమున ఒక ప్రాధికార సంస్థ ఏర్పడెను. సముద్రమునకు గాని, నదులకు గాని, ఉప్పుటేరులకు గాని పోటుగీటనుండి రెండు కిలోమీటర్ల లోపల రొయ్యలు పెంచువారందరును దానివద్ద పేరు నమోదు చేసికొనవలెను. పోటుగీటకు 200 మీటర్ల లోపల క్రొత్త చెరువు కూడదని 2005 చట్టము నిర్ణయించెను. 2005 నాటి నిబంధనలలోని కొన్ని కొలతలు విద్యార్థులు గుర్తుంచుకొనదగినవి. త్రాగునీటి వనరునకు చెరువు నూరు మీటర్ల దూరముననైన నుండవలెను. అయిదువందల జనాభాకు మించిన ఊరికి మూడువందల మీటర్ల దూరమున నుండవలెను. చెరువునకును పంటచేనునకును నడుమ కొంత నేలను ఖాళీగా విడువవలెను. సహజమైన మురుగుకాలువకు అడ్డముగా గట్టు వేయరాదు. ఉప్పుటేరులోనికి విడుచు నీటిలో నూరు మిల్లీగ్రాములకు మించిన మలినకణములు లీటరునకు ఉండరాదు. కరగియున్న ప్రాణవాయువు మూడు మిల్లీగ్రాములకు తగ్గరాదు. అయిదు హెక్టార్లు, అంతకు మించిన చెరువులకు వ్యర్థజలమును శుద్ధిచేయు ఏర్పాటు తప్పనిసరి.

చదివినంత వరకు ఇవి మంచి నియమములే. ఎవరును వీనిని అన్యాయములని చెప్పజాలరు. మరి చిక్కు ఎక్కడ నున్నది?

గట్టుమీది మాట

డెల్టాలో ఏ గట్టుమీదనైనను వినదగిన సంభాషణ ఒకటి కలదు. ఒకరు వరిచేను యజమాని, రెండవవారు చెరువును కౌలునకు తీసికొన్నవారు. ఇద్దరిదియు ఒకే ఊరు.

“బావగారూ, మా నుయ్యి ఉప్పు తేలుతోందండి. తమరు చెరువు తవ్వినకాడినించేనండి.”

“ఆయ్, నాదొక్కటే చెరువా అండి? ఆ పక్క పది, ఈ పక్క పది ఉన్నాయి కదండీ. నా నీళ్లే మీ నూతిలోకి వచ్చాయని ఎలా చెబుతామండీ?”

రెండవవారు మర్యాద తప్పలేదు, అబద్ధమును ఆడలేదు. ఆయన చెరువు రెండు ఎకరములు. దానికి శుద్ధిచేయు ఏర్పాటు అక్కరలేదని నిబంధనయే చెప్పుచున్నది. ఆ ప్రక్కవాని చెరువును అంతే. దాని ప్రక్కదియు అంతే. నూరు చెరువులలో ఒక్కటియు పరిమితిని దాటకపోవచ్చును. కాని నూరు చెరువుల నీరును ఒకే మురుగుకాలువలో పడును. చట్టము చెరువును చెరువుగా లెక్కించుచున్నది. మురుగుకాలువకు మాత్రము కూడిక ఒక్కటే తెలియును. చట్టమునకు తెలిసిన లెక్కకును, నూతికి తెలిసిన లెక్కకును గల ఈ భేదములోనే మన చిక్కంతయు నున్నది.

పొగగొట్టపు కర్మాగారమును ఎదిరించుట కొంత సులభము. అది ఒక్కటి; దానికొక గేటు, ఒక పేరుపలక, ఒక యజమాని యుందురు. చిన్న చెరువుల సమూహమునకు గేటు లేదు. యజమానులు మన బంధువులే. అందుచేతనే ఫిర్యాదు నోటివరకు వచ్చి ఆగిపోవును.

కోనసీమకు పారిశ్రామిక ప్రమాదము తెలియనిది కాదు. 1995 జనవరిలో పాశర్లపూడి వద్ద చమురుబావి అంటుకొని రెండు మాసములకు పైగా మండినప్పుడు ఆ మంట ఎన్నియో ఊళ్లకు కనబడెను. 2014 జూన్ 27న నగరము గ్రామమున గ్యాసు గొట్టము ప్రేలి ఇరువదిమందికి పైగా మరణించినప్పుడు దేశమంతయు తెలిసికొనెను. అగ్నికి సాక్షులను వెదకనక్కరలేదు. ఉప్పునకు కావలెను. అది చప్పుడు లేకుండ, ఏటేట కొంచెముగా, నేలలో దిగుచుండును.

సాక్ష్యమనగా నేమి?

1974 నాటి జలకాలుష్య నివారణ చట్టములోని 21వ విభాగమును మన విద్యార్థులు తప్పక తెలిసికొనవలెను. అధికారి వ్యర్థజలమును సీసాలో పట్టినంతమాత్రమున అది సాక్ష్యము కాదు. దానిని పరీక్షింపదలచినట్లు అక్కడి యజమానికి అప్పటికప్పుడే నోటీసు నియ్యవలెను. అతని యెదుట ఆ నీటిని రెండు భాగములు చేయవలెను. రెండు సీసాలకును సీలు వేయవలెను. ఇరువురును సంతకములు చేయవలెను. ఆలస్యము లేకుండ ప్రయోగశాలకు పంపవలెను. ఇందులో ఏది తప్పినను కోర్టులో ఆ సీసా చెల్లకపోవచ్చును. ఈ పద్ధతి నేరస్థుని తప్పించుటకు ఏర్పడినది కాదు. నిర్దోషిని కాపాడుటకు ఏర్పడినది. అయినను దీనినుండి ఒక సంగతి తేటపడుచున్నది. చట్టమునకు మన దుఃఖముకన్న కొలత ముఖ్యము.

ఆ కొలతను అడుగు హక్కు పౌరునికి కలదు. 1988లో ఆ చట్టమును సవరించి, కాలుష్యమండలికి అరువది దినముల నోటీసు నిచ్చిన ఏ వ్యక్తియైనను తానే నేరుగా న్యాయస్థానములో ఫిర్యాదు చేయవచ్చునని చేర్చిరి. కర్మాగారములకు మండలి ఇచ్చిన అనుమతుల రిజిస్టరును, తగిన వేళలలో, సంబంధమున్నవారు చూడవచ్చునని ఆ చట్టమే చెప్పుచున్నది. 2005లో వచ్చిన సమాచారహక్కు చట్టము ఆ తలుపును మరింత వెడల్పు చేసెను.

ఋజువు చేయవలసిన భారము ఎవరిది అను ప్రశ్నకును తెలుగుదేశపు వ్యాజ్యమొకటి సమాధానము తెచ్చినది. హైదరాబాదునకు త్రాగునీరిచ్చు హిమాయత్‌సాగర్, ఉస్మాన్‌సాగర్ చెరువుల పరిసరములలో ఒక నూనెల కర్మాగారమునకు ఆంధ్రప్రదేశ్ కాలుష్య నియంత్రణ మండలి అనుమతి నిరాకరించెను. ఆ తగవు సుప్రీంకోర్టునకు ఎక్కెను. 1999లో తీర్పు వ్రాసిన న్యాయమూర్తి తెలుగువాడైన ఎం. జగన్నాథరావు. హాని కలుగునని ఊరివారు ఋజువు చేయుట కాదు, హాని కలుగదని పరిశ్రమ పెట్టువాడే ఋజువు చేయవలెనని ఆ తీర్పు నిర్దేశించెను. ఇట్టి వ్యాజ్యములను విచారించుటకు న్యాయమూర్తులతోపాటు శాస్త్రజ్ఞులును కూర్చుండు ప్రత్యేక న్యాయస్థానములు కావలెనని కూడ సూచించెను. ఆయనయే తరువాత లా కమిషను అధ్యక్షుడై 2003లో అదే విషయమును 186వ నివేదికగా సమర్పించెను. ఆ ఆలోచనల ఫలితముగా 2010లో జాతీయ హరిత ట్రిబ్యునలు వెలసెను. దాని దక్షిణ శాఖ చెన్నపట్టణమున నున్నది.

చట్టము మరియొక మలుపు కూడ తిరిగినది. 2005 చట్టము ప్రకారము నమోదు లేకుండ చెరువు నడిపినవారికి మూడేండ్లవరకు ఖైదు విధింపవచ్చును. 2023లో పార్లమెంటు దానిని సవరించి ఖైదును తొలగించెను. దాని స్థానమున జరిమానాను, పని నిలుపుదలను, కట్టడముల తొలగింపును, నమోదు రద్దును నిలిపెను. చిన్నరైతును చెరసాలకు పంపు చట్టము నిజముగా ఎన్నడును అమలుకాదు; కావున ఈ మార్పు తప్పని చెప్పలేము. కాని జైలు భయము పోయినచోట తనిఖీ పెరుగవలెను. తనిఖీయు పెరుగక, భయమును పోయినచో, మిగులునది నమోదు కాగితము మాత్రమే.

ఆవలి యొడ్డు

ఎదుర్లంక వంతెనమీద నిలిచి చూచినవారికి ఆవలి యొడ్డున యానాము కనబడును. ఈ యొడ్డు ఆంధ్రప్రదేశ్. ఆ యొడ్డు పుదుచ్చేరి. ఈ యొడ్డున పరిశ్రమలకు అనుమతి నిచ్చునది రాష్ట్ర కాలుష్య మండలి. ఆ యొడ్డున పుదుచ్చేరి కాలుష్య నియంత్రణ సమితి. నడుమ గౌతమి ఒక్కటే. ఏ యొడ్డున విడిచిన నీరైనను రెండవ యొడ్డును తాకకుండ సముద్రమునకు పోదు. ఇది చాలదన్నట్లు, ఈ యొడ్డున కూడ ఉప్పునీటి చెరువునకు ఒక ప్రాధికార సంస్థ, మంచినీటి చెరువునకు 2020లో రాష్ట్రము చేసిన మరియొక చట్టము, మురుగుకాలువకు జలవనరుల శాఖ, భూమి మార్పిడికి రెవిన్యూ శాఖ, త్రాగునీటికి పంచాయతీ. నుయ్యి చెడిన ఇల్లాలు ఏ తలుపు తట్టవలెనో తెలియుటకే ఒక చదువు కావలసియున్నది.

ఆ చదువును ఎవరు చెప్పవలెను? పాఠశాలయే చెప్పవలెనని నా అభిప్రాయము. ఉద్యమము నడపుమని గాని, పొరుగువానిపై ఫిర్యాదు వ్రాయుమని గాని నేను పిల్లలకు చెప్పబోవుట లేదు. కొలుచుట నేర్పుమని మాత్రమే ఉపాధ్యాయులను కోరుచున్నాను. నీటిలోని క్లోరైడును కొలుచుటకు కళాశాల ప్రయోగశాలలోని సామగ్రియే చాలును. కొంచెము పొటాషియం క్రోమేటు కలిపిన నీటిలోనికి సిల్వరు నైట్రేటు ద్రావణమును బొట్లుబొట్లుగా విడిచినచో, క్లోరైడు అయిపోయిన క్షణమున పసుపువన్నె ఇటుకవన్నెకు తిరుగును. అంతవరకు పట్టిన బొట్లే లెక్క. త్రాగునీటిలో లీటరునకు 250 మిల్లీగ్రాముల క్లోరైడు వరకు ఉండవచ్చునని భారతీయ ప్రమాణము. సముద్రజలములో అది సుమారు 19,000. ఈ రెండంకెల నడుమ తన ఊరి నుయ్యి ఎచ్చటనున్నదో, మురుగుకాలువ ఎచ్చటనున్నదో, వానకాలమున ఎంత, ఎండకాలమున ఎంత, పట్టుబడి మరునాడు ఎంత అని ఒక తరగతి ఏడాదిపాటు ఒక పుస్తకములో వ్రాసికొనినచో, ఆ పుస్తకమునకు గల విలువ అంతయింత కాదు.

అది కోర్టులో చెల్లు సాక్ష్యము కాదు. సీలు లేదు, నోటీసు లేదు. కాని సీలు వేయు అధికారిని ఏ దినమున, ఏ కాలువ కడకు రమ్మని పిలువవలెనో అది చెప్పగలదు. చెరువును చెరువుగా కాక కాలువను కాలువగా లెక్కించు పుస్తకము ఊరికి మొదటిసారిగా ఏర్పడును. గట్టుమీది సంభాషణయు అప్పుడు మారును. “మీ నీళ్లే వచ్చాయని ఎలా చెబుతామండీ” అను ప్రశ్నకు, “మీవి మాత్రమే కావండి, మన అందరివీని, ఇదిగో లెక్క” అని సమాధానము చెప్పవచ్చును. ఒక్కొక్కరికి విడివిడిగా భారమగు శుద్ధిచెరువును పది చెరువులవారు కలిసి త్రవ్వుకొనుటకు, పట్టుబడి నీటిని ఒకేనాడు విడువకుండ వంతులు వేసికొనుటకు, ఊరి నూతికి నూరు మీటర్ల గీతను అందరు నమ్మునట్లు గీయుటకు ఆ లెక్కయే ప్రారంభము.

పంటకాలువ నీటికి వంతులు వేసికొనుట మన రైతులకు ఎవరును నేర్పనక్కరలేదు. వచ్చు నీటిని పంచుకొన్నవారు పోవు నీటిని గూర్చియు కట్టుబాటు చేసికొనగలరు. దానికి చట్టము అండగా నిలువవలెను. అండగా నిలుచుటకు దానికి అంకెలు కావలెను.

మరల ఒకసారి కాగితమునిచ్చి కర్మాగారము బొమ్మను గీయుమని ఐ.పోలవరం పిల్లవానిని అడిగి చూడుడు. పొగగొట్టమును గీసినను గీయనిండు. దాని ప్రక్కనే ఒక చెరువును, చెరువునుండి మురుగుకాలువకు ఒక బాణపు గుర్తును, మురుగుకాలువ ప్రక్కన తన యింటి నూతిని కూడ గీసినచో, అతనికి పాఠము వచ్చినదని తెలిసికొనవచ్చును.